మన ఎయిర్‌పోర్ట్ మీద ఉన్న పేరు: స్టుట్‌గార్ట్ తెలుగు కుటుంబాలకు ఒక బహిరంగ లేఖ

స్టుట్‌గార్ట్‌లోనూ చుట్టుపక్కల ఊళ్ళలోనూ ఉంటున్న అన్నలకు, అక్కలకు, తమ్ముళ్ళకు, చెల్లెళ్ళకు నమస్కారం.

మీలో చాలామందికి నా ముఖం తెలుసు. ఉగాది రోజు వడ్డన దగ్గరో, పిల్లల తెలుగు క్లాసు బయటో కలిసే ఉంటాం. పదమూడేళ్ళుగా ఈ ఊళ్ళో ఉంటున్నాను. ఇన్నేళ్ళలో మీకు ఇంత పెద్ద ఉత్తరం ఎప్పుడూ రాయలేదు. ఓపిగ్గా చదవండి.

రెండేళ్ళ క్రితం మా అత్తయ్యగారు, మామయ్యగారు తెనాలి నుంచి వచ్చారు. మామయ్యగారు హైస్కూల్లో సోషల్ మాస్టారుగా చేసి రిటైరయ్యారు. ఎయిర్‌పోర్ట్ నుంచి లోకల్ రైల్లో ఇంటికొస్తుంటే ఫోన్‌లో మ్యాప్ చూస్తూ ఒక్కసారిగా తలెత్తి, "ఏమ్మా, ఈ ఎయిర్‌పోర్ట్‌కి రొమ్మెల్ పేరేంటి? రొమ్మెల్ అంటే ఎడారిలో ట్యాంకులు నడిపిన హిట్లర్ సేనాపతి కాదూ? ఆయన పేరు పెట్టుకున్నారా వీళ్ళు?" అని అడిగారు. నా దగ్గర జవాబు లేదు. అప్పటికి పదకొండేళ్ళుగా ఆ ఎయిర్‌పోర్ట్ నుంచి వస్తూ పోతూ ఉన్నాను. బ్యాగులు, పాస్‌పోర్టులు, పచ్చళ్ళ సీసాలు పగిలిపోకుండా చూసుకోవడం తప్ప ఆ పేరు ఎవరిదని ఒక్కసారి కూడా ఆలోచించలేదు. ఆ రాత్రి సిగ్గేసింది. మర్నాడు లైబ్రరీకి వెళ్ళాను.

అది సేనాపతి పేరు కాదు, సేనాపతి కొడుకు పేరు. మాన్‌ఫ్రెడ్ రొమ్మెల్. 1974 నుంచి 1996 దాకా, అంటే 22 ఏళ్ళు, ఈ నగరానికి మేయర్. 2013 నవంబర్‌లో చనిపోయారు, మరుసటి ఏడు ఎయిర్‌పోర్ట్‌కి ఆయన పేరు పెట్టారు. ఆయన గురించి చదువుతున్నకొద్దీ ఇది మనందరం తెలుసుకోవాల్సిన సంగతి అనిపించింది. ముఖ్యంగా మన వాట్సాప్ గ్రూపుల్లో ఈ మధ్య నడుస్తున్న మాటలు చూశాక.

ముందు ఆయన చిన్నతనం చెప్తాను, అది తెలియకపోతే మిగతాది అర్థం కాదు.

మాన్‌ఫ్రెడ్ 1928లో క్రిస్మస్ ముందురోజు ఈ ఊళ్ళోనే పుట్టాడు. 1944 అక్టోబర్ 14 నాటికి పదిహేనేళ్ళవాడు. విమానాలను కూల్చే ఫిరంగుల దళంలో పనిచేస్తూ సెలవు మీద ఇంటికొచ్చాడు. ఉల్మ్ దగ్గర హెర్లింగెన్‌లో వాళ్ళ ఇల్లు. ఆ మధ్యాహ్నం ఇద్దరు జనరళ్ళు వచ్చి తండ్రితో తలుపులు వేసుకుని మాట్లాడారు. ఆ జులైలో హిట్లర్ మీద జరిగిన హత్యాయత్నంలో ఎర్విన్ రొమ్మెల్‌కు చెయ్యి ఉందని అనుమానం. విషం మింగితే ప్రభుత్వ లాంఛనాలతో అంత్యక్రియలు చేస్తారు, భార్యాబిడ్డల జోలికి రారు. కాదంటే నాజీల కోర్టు. తండ్రి కొడుకును పిలిచి, ఇంకో పావుగంటలో తాను బతికి ఉండనని చెప్పి, కారెక్కి వెళ్ళిపోయాడు. నాలుగు రోజుల తర్వాత, అక్టోబర్ 18న, ఉల్మ్‌లో ఘనంగా అంత్యక్రియలు జరిగాయి. యుద్ధగాయాలతో మరణించాడని దేశానికి చెప్పారు. చావమన్న హిట్లరే పూలదండ పంపాడు. నిజం తెలిసిన తల్లీకొడుకులు ఆ అబద్ధం మధ్య నోరు విప్పకుండా నిలబడ్డారు.

ఆ తండ్రిని పొగడటానికి నేనిది రాయడం లేదు. హిట్లర్ సైన్యంలో ఏళ్ళ తరబడి పెద్ద పదవుల్లో ఉన్న మనిషి, ఆయన మంచిచెడ్డల మీద చరిత్రకారుల వాదన ఇంకా తెగలేదు. కొడుకు కూడా తనను కడిగిన ముత్యంలా చూపించుకోలేదు. కుర్రతనంలో తాను నాజీల సాయుధ దళమైన వాఫెన్ ఎస్.ఎస్.లో చేరాలనుకున్నానని, తండ్రి ఒప్పుకోలేదని ఆయనే చెప్పుకున్నారు. ఏ మత్తు ఎంత సులువుగా తలకెక్కుతుందో లోపలి నుంచి తెలిసిన మనిషి అన్నమాట.

యుద్ధం ముగిసేటప్పటికి ఫ్రెంచివాళ్ళ చేతికి ఖైదీగా చిక్కి, తిరిగొచ్చి 1947లో స్కూలు పూర్తిచేసి, ట్యూబింగెన్‌లో లా చదివారు. తర్వాత ఈ రాష్ట్ర ప్రభుత్వంలో ఉద్యోగం, ఆర్థికశాఖలో పెద్ద హోదా. పార్టీ సి.డి.యు., అంటే క్రిస్టియన్ డెమొక్రాట్ల పార్టీ. 1945 నుంచి స్టుట్‌గార్ట్‌ను నడిపిన మేయర్ ఆర్నుల్ఫ్ క్లెట్ 1974 ఆగస్టులో చనిపోతే ఎన్నిక వచ్చింది. డిసెంబర్ 1న, రెండో విడత పోలింగ్‌లో రొమ్మెల్ గెలిచారు. అప్పటికి ఆయన వయసు 45.

మూడేళ్ళు తిరగకుండానే 1977 వచ్చింది.

మన పిల్లలు ఇక్కడి స్కూల్లో దాన్ని "జర్మన్ శరత్తు" అన్న పేరుతో చదువుకుంటారు. మనకు మాత్రం తెలియదు. రెడ్ ఆర్మీ ఫ్యాక్షన్ అనే తీవ్రవాద ముఠా నాయకులు మన ఊరి ష్టామ్‌హైమ్ జైల్లో ఉన్నారు. వాళ్ళను విడిపించుకోవడానికి సెప్టెంబర్ 5న వాళ్ళ మనుషులు కొలోన్‌లో హాన్స్ మార్టిన్ ష్లయర్‌ను ఎత్తుకెళ్ళారు. ఆయన దేశంలోని యజమానుల సంఘానికి అధ్యక్షుడు, డైమ్లర్ బెంజ్ బోర్డులో పనిచేసిన మనిషి. ఎత్తుకెళ్ళేటప్పుడే డ్రైవర్‌నీ ముగ్గురు పోలీసులనూ కాల్చేశారు. అక్టోబర్ 13న వాళ్ళతో చేతులు కలిపిన పాలస్తీనా తీవ్రవాదులు 86 మంది ప్రయాణికులున్న లుఫ్తాన్సా విమానాన్ని హైజాక్ చేశారు. దారిలో పైలట్‌ను చంపారు. 18వ తేదీ అర్ధరాత్రి దాటాక సోమాలియా రాజధాని మొగదిషులో జర్మన్ కమాండోలు విమానంలోకి దూకి ప్రయాణికులందరినీ కాపాడారు. ఆ ఉదయమే ష్టామ్‌హైమ్ జైల్లో ఆంద్రెయాస్ బాడర్, గుడ్రున్ ఎన్స్‌లిన్ చనిపోయి కనిపించారు, యాన్ కార్ల్ రాస్పె ఆసుపత్రిలో ప్రాణం వదిలాడు. ముగ్గురివీ ఆత్మహత్యలే అని విచారణలో తేల్చారు. మర్నాడు ష్లయర్ శవం ఫ్రాన్స్‌లో ఒక కారు డిక్కీలో దొరికింది.

ఇప్పుడు ఊరిని ఊహించుకోండి. ష్లయర్ కుటుంబం ఈ ఊరిది. ఆయన అంత్యక్రియలు అక్టోబర్ 25న ఇక్కడే జరిగాయి. ఊరంతా దుఃఖంలోనూ కోపంలోనూ రగిలిపోతోంది. సరిగ్గా అప్పుడే గుడ్రున్ తండ్రి, చర్చి పాస్టర్‌గా పనిచేసిన పెద్దాయన, తన కూతుర్నీ మిగతా ఇద్దరినీ ఒకేచోట పూడ్చడానికి జాగా ఇమ్మని అడిగాడు. ఇక్కడ శ్మశానాలు నగరపాలన కిందికి వస్తాయి. మేయర్ మాట్లాడాలి.

రొమ్మెల్ ఇస్తానన్నారు. డెగర్‌లోహ్‌లోని డోర్న్‌హాల్డెన్ శ్మశానంలో, ఊళ్ళో మిగతా పౌరులను పూడ్చే చోటే. జనం మండిపడ్డారు. తిట్లతో ఉత్తరాలు వచ్చాయి. సొంత పార్టీవాళ్ళే తప్పుపట్టారు. ఆయన చెప్పిన మాట సారాంశం ఇది: ఎక్కడో ఒకచోట శత్రుత్వం ఆగిపోవాలి, నా వరకు ఇక్కడ అది చావుతో ఆగిపోతుంది. శ్మశానంలో మొదటి తరగతి, రెండో తరగతి మనుషులుండటానికి ఒప్పుకోనని కూడా అన్నారు. అక్టోబర్ 27న, చుట్టూ పోలీసు బందోబస్తు మధ్య, ఆ ముగ్గురినీ పూడ్చారు.

ఇది చదివినప్పుడు నాకు మా నాయనమ్మ చెప్పిన కథ గుర్తొచ్చింది. రావణుడు నేలకూలాక విభీషణుడు, ఈ పాపాత్ముడికి నేను కర్మ చెయ్యను అని మొరాయిస్తాడు. పగలు చావుతోనే తీరిపోయాయి, ఇక ఇతను నీకెంతో నాకూ అంతే, జరగాల్సింది జరిపించు అంటాడు రాముడు. మనం ఉగ్గుపాలతో విన్న మాట. ఎన్నికలకు నిలబడాల్సిన ఒక మేయర్, ఊరంతా వద్దంటున్నప్పుడు అదే చేసి చూపించాడు. అది నేను పన్నెండు స్టేషన్ల దూరంలో కాపురం ఉంటూ కూడా తెలుసుకోలేదు.

ఇంకొకటి నన్ను వదలడం లేదు. పదిహేనేళ్ళప్పుడు తండ్రికి అబద్ధపు అంత్యక్రియలు జరిగింది అక్టోబర్ 18న. ష్టామ్‌హైమ్ చావులు సరిగ్గా 33 ఏళ్ళ తర్వాత అదే రోజున. ప్రభుత్వం ఒక శవాన్ని తన అవసరానికి వాడుకుంటే ఎలా ఉంటుందో ఆయన కళ్ళారా చూశారు. అందుకే ఇంకొక శవాన్ని పగకు వాడుకోనివ్వలేదేమో అని నా ఊహ. ఆయన అలా చెప్పినట్టు నేనెక్కడా చదవలేదు.

ఆయన తీవ్రవాదుల పట్ల మెత్తబడ్డారని మాత్రం అనుకోవద్దు. మనం కన్సర్టులకు వెళ్ళే పెద్ద హాలు ఆయన హయాంలోనే 1983లో తెరిచారు. దానికి పెట్టింది ష్లయర్ పేరే. చనిపోయినవాడి గౌరవం అక్కడ నిలబెట్టారు, చంపిన ముఠావాళ్ళకు ఆరడుగుల నేల ఇక్కడ ఇచ్చారు.

ఇక 1989. ఇదే మనకు అన్నిటికన్నా దగ్గరి సంగతి.

ఆ ఆగస్టులో గైస్‌బుర్గ్ వంతెన దగ్గర కామెరూన్ నుంచి వచ్చిన ఒక శరణార్థి ఇద్దరు పోలీసులను పొడిచి చంపాడు. అతనూ పోలీసుల తూటాలకు చనిపోయాడు. ఊరు మళ్ళీ భగ్గుమంది. విదేశీయులందరినీ వెళ్ళగొట్టాలన్న కేకలు లేచాయి. వాటి మీద రాజకీయం చేసుకునే పార్టీలు సిద్ధంగా ఉన్నాయి. రొమ్మెల్ లేచి, ఈ పని మతి తప్పిన ఏ ష్వాబియన్ అయినా చేసి ఉండేవాడే, దీన్ని చర్మం రంగుకు అంటగట్టొద్దు అన్నారు. ష్వాబియన్ అంటే ఈ నేల మనిషి, ఆయన సొంత మనిషి. మళ్ళీ తిట్ల ఉత్తరాలు. మరుసటి సంవత్సరం ఎన్నికలు. ఈ మాటతో ఓట్లు పోతాయని ఏ సలహాదారైనా చెప్పి ఉండేవాడు. 1990లో ఆయన మొదటి విడతలోనే, దాదాపు 70 శాతం ఓట్లతో గెలిచారు.

ఇప్పుడు నేను అసలు చెప్పాలనుకున్న దానికి వస్తున్నాను. ఎవరి మనసైనా నొచ్చుకుంటే క్షమించండి, కానీ ఇది చెప్పకుండా ఉత్తరం ముగించలేను.

కొంతకాలం క్రితం ఇంకో నగరంలో కత్తిదాడి జరిగింది. ఆ సాయంత్రం నేనున్న ఒక గ్రూపులో వరసగా మెసేజ్‌లు. "వీళ్ళందర్నీ ప్లేన్ ఎక్కించి పంపేయాలి." "వీళ్ళవల్ల మనకి చెడ్డపేరు." "మనం ట్యాక్స్ కడుతున్నాం, వాళ్ళు కూర్చుని తింటున్నారు." కింద బొటనవేళ్ళు, చప్పట్లు. పెట్టినవాళ్ళు చెడ్డవాళ్ళు కారు. ఒకాయన మా పాప జ్వరంతో ఉంటే రాత్రి పదింటికి కారేసుకుని ఆసుపత్రికి తీసుకెళ్ళినాయన. భయం, టెన్షన్, పిల్లల గురించి బెంగ, అన్నీ నాకు అర్థమవుతాయి. నేనేం చేశాను? చదివి, ఫోన్ పక్కన పెట్టి, చపాతీలు ఒత్తుకున్నాను. ఆ మౌనం ఈ రోజుకీ నన్ను పొడుస్తూనే ఉంది. ఈ ఉత్తరం కొంతవరకు దానికోసమే.

మనం ఒకటి మర్చిపోతున్నాం. ట్రామ్‌లో మనవైపు గుర్రుగా చూసే మనిషికి మన బ్లూ కార్డ్, అంటే ఇక్కడ ఉద్యోగం చేసుకోవడానికిచ్చిన అనుమతి, కనపడదు. మన జీతం స్లిప్ కనపడదు. రంగు కనపడుతుంది. "వాళ్ళు" అని మనం గీసే గీత, అతని కంట్లో మనకు అటువైపే పడుతుంది. 1989లో ఈ ఊరి మేయర్ ఆ గీత గియ్యనివ్వలేదు. ఈరోజు ఈ నగరంలో దాదాపు సగం మందికి బయటి దేశాల మూలాలున్నాయి. మనం ఇల్లు అద్దెకు అడిగినప్పుడు ఇంటాయన కాసేపు నసిగినా చివరికి తాళం చేతికిచ్చాడంటే, ఎదురింటి పెద్దామె మనకు మెట్లు తుడిచే వారం వంతు ఓపిగ్గా నేర్పిందంటే, దాని వెనక ఇలాంటి మాటలు కొన్ని ఉన్నాయని నేను నమ్ముతాను. గాలి దానంతటదే మంచిదైపోదు. ఎవరో ఒకరు తిట్లు తిని దాన్ని అలా ఉంచాలి.

కొందరు నాతో అన్నారు: "మేయర్‌దేముంది అక్కా, రిబ్బన్ కత్తిరించడమే కదా?" మన దగ్గర చూసిన లెక్క అది. హైదరాబాద్‌లో మేయర్‌ని కార్పొరేటర్లు ఎన్నుకుంటారు, అసలు అధికారం కమిషనర్ చేతిలో ఉంటుంది. ఇక్కడ అలా కాదు. మన రాష్ట్రం బాడెన్ వుర్టెంబెర్గ్‌లో మేయర్‌ను జనమే నేరుగా ఓటేసి ఎనిమిదేళ్ళకు ఎన్నుకుంటారు. 60 మంది సభ్యుల నగర మండలికి అధ్యక్షత ఆయనదే, మొత్తం యంత్రాంగానికి పెద్ద కూడా ఆయనే. మన వీసా పొడిగించే ఆఫీసు ఆ యంత్రాంగంలో భాగమే. పిల్లల కిండర్‌గార్టెన్ సీటు దగ్గర్నుంచి శ్మశానంలో జాగా దాకా ఆ గొడుగు కిందికే వస్తాయి. ఆ కుర్చీలో ఎవరు కూర్చుంటారన్నది మనకు చిన్న విషయం కాదు.

మనలో జర్మన్ పాస్‌పోర్ట్ తీసుకున్నవాళ్ళు ఇప్పుడు చాలామందే ఉన్నారు. 2024లో చట్టం మారాక ఐదేళ్ళకే అర్హత వస్తోంది కాబట్టి ఇంకా పెరుగుతారు. ఇండియన్ పాస్‌పోర్ట్ వదులుకునేటప్పుడు ఎంత ఏడ్చామో మనకే తెలుసు. అంత పోగొట్టుకుని సంపాదించిన ఓటును వాడకుండా వదిలేస్తున్నాం. 2020 మేయర్ ఎన్నికల్లో ఓటున్న తెలుగువాళ్ళను నాకు తెలిసినంతవరకు అడిగాను. వేసినవాళ్ళు ఒక చేతి వేళ్ళకు సరిపోయారు. నగర ఎన్నికల్లో పదహారేళ్ళకే ఓటు వస్తుందని కూడా మనకు తెలియదు. ఇక్కడే పుట్టి పెరిగిన మన పిల్లల్లో ఆ వయసుకు వచ్చేసినవాళ్ళున్నారు.

రొమ్మెల్ దేవుడేం కాదు. ఊరి అప్పులు తగ్గించాలని గట్టిగా బిగించిన మనిషి, అది అందరికీ నచ్చలేదు. 1994లో స్టుట్‌గార్ట్ 21 రైల్వే స్టేషన్ ప్రాజెక్టును ప్రకటించిన వేదిక మీద ఆయన కూడా ఉన్నారు. ఆ ప్రాజెక్టు ఊరిని రెండుగా చీల్చింది, 30 ఏళ్ళు దాటినా పనులు సాగుతూనే ఉన్నాయి. ఆ విషయంలో ఆయనను తిట్టేవాళ్ళు మా వీధిలోనే ఉన్నారు, వాళ్ళ వాదనలో బలముంది. మరోవైపు మనం రోజూ ఎక్కే ఎస్ బాన్ లోకల్ రైళ్ళు, పసుపుపచ్చ స్టాట్‌బాన్ ట్రామ్‌లు రెండూ నడవడం మొదలైంది ఆయన కాలంలోనే.

తండ్రితో యుద్ధం చేసిన బ్రిటిష్ సేనాపతి మాంట్‌గోమరీ కొడుకుతోనూ, అమెరికన్ జనరల్ ప్యాటన్ కొడుకుతోనూ ఆయన స్నేహం చేశారు. జెరూసలేం మేయర్ టెడ్డీ కొల్లెక్‌ది కూడా ఆయనకు ఆప్తమిత్రుడి స్థానం. ఒక నాజీ ఫీల్డ్ మార్షల్ కొడుకు, ఒక యూదు మేయర్. ఆ స్నేహం దానంతటదే కుదిరి ఉండదు, ఇద్దరూ నడిచి ఉంటారు. చివరి ఏళ్ళలో పార్కిన్సన్ జబ్బు పట్టుకుంది. చేతులు వణుకుతున్నా రాయడం మానలేదు.

మిమ్మల్ని నేను అడిగేవి మూడే.

పాస్‌పోర్ట్ ఉన్నవాళ్ళు వచ్చే నగర ఎన్నికల్లో ఓటేయండి. ఎవరికి వేయాలో నేను చెప్పను. రొమ్మెల్ పార్టీకే వేయమని అసలే చెప్పను. ఎన్నికల ముందు అభ్యర్థులను మన తెలుగు సంఘానికి పిలిచి కూర్చోబెట్టి ప్రశ్నలడుగుదాం. సంక్రాంతి ముగ్గుల పోటీకి నలభైమంది వాలంటీర్లను కూడగట్టినవాళ్ళం, దీనికి పదిమందిని కూడగట్టలేమా?

రెండోది, మన గ్రూపుల అడ్మిన్‌లకు. దాడి జరిగినప్పుడు చనిపోయినవాళ్ళకోసం బాధపడదాం, చేసినవాడిని తిట్టుకుందాం. ఒక జాతి మొత్తాన్ని తిట్టే ఫార్వర్డ్ వస్తే మాత్రం తీసేయండి. పెట్టినాయనకు విడిగా ఫోన్ చేసి మాట్లాడండి, అందరిముందూ అవమానించొద్దు. ఈసారి నేను చపాతీలు ఒత్తుకుంటూ ఊరుకోను, నేనూ ఫోన్ చేస్తాను.

మూడోది, అక్టోబర్ చివరి ఆదివారం నాతో రండి. పొద్దున పదింటికి సుడ్‌హైమర్ ప్లాట్జ్ దగ్గర కలుద్దాం, యు1 ట్రామ్ అక్కడ ఆగుతుంది. అక్కడి నుంచి 1929 నాటి చెక్కపెట్టెల రోప్ రైలు గుట్టమీది అడవి శ్మశానం దాకా తీసుకెళ్తుంది, పిల్లలకు భలే నచ్చుతుంది. పైన బాష్ కంపెనీ పెట్టిన రాబర్ట్ బాష్ సమాధి ఉంది. ఆయన పేరున్న బ్యాడ్జీ మెడలో వేసుకుని రోజూ పనికి వెళ్ళేవాళ్ళు మనలో ఎంతమందో! కాస్త నడిస్తే డోర్న్‌హాల్డెన్. అక్కడ ఆ ముగ్గురికి పూలు పెట్టం, దండం పెట్టం. వాళ్ళు చంపినవాళ్ళ పిల్లలు ఇంకా ఉన్నారు. ఒక మేయర్ జనానికి ఎదురు నిలబడి తీసుకున్న నిర్ణయం నేలమీద ఎలా ఉంటుందో చూసి, పిల్లలకు ఆ కథ చెప్పి వచ్చేద్దాం. పద్నాలుగేళ్ళు దాటిన పిల్లలయితే బాగుంటుంది. చిన్నవాళ్ళను రోప్ రైలు దగ్గరే ఆడించడానికి ఇద్దరు అక్కలు ఒప్పుకున్నారు.

మామయ్యగారికి ఆ రోజు ఫోన్‌లో చూపిస్తానని మాటిచ్చాను. పులిహోర నేను కలుపుకొస్తాను. గొడుగులు మర్చిపోకండి, ఆ గుట్టమీద అక్టోబర్‌లో చినుకు పడుతూనే ఉంటుంది.

ఇట్లు,
మీ ఊరి తెలుగు ఆడపడుచు,
స్టుట్‌గార్ట్